తెర వెనుక వ్రాయసకాడు: కంప్యూటరు ఆటల రికార్డింగు చరిత్ర

ఒక విద్యార్థి ఇంటిలోని కంప్యూటరుపై ఆట ఆడుచున్నాడనుకొందము. నిన్నటివరకు తెరపై బొమ్మలు సాఫీగా కదలినవి. నేడు ఆగి ఆగి కదలుచున్నవి. లోపలి పంకా బిగ్గరగా తిరుగుచున్నది. డిస్కుపై పని సూచించు దీపము ఎడతెగక మినుకుమనుచున్నది. అతడు క్రొత్త ఆట నేదియు చేర్చలేదు. దేనిని రికార్డు చేయుమని ఆజ్ఞాపింపలేదు. అయినను అతడు ఆడిన ప్రతి క్షణము దృశ్యముగను, ధ్వనిగను డిస్కుపై వ్రాయబడుచున్నది. కొంతసేపటికి తుడిచివేయబడి, ఆ చోటనే మరల క్రొత్తది వ్రాయబడుచున్నది. కారణ మేమన, ఆ కంప్యూటరును వాడుకొను అతని అన్న ఎన్నడో ఒక మీట వేసి మరచిపోయినాడు. ఆ మీటను తీయువరకు ఈ వ్రాత ఆగదు.

ఇట్లు ఆట నడుచుచుండగా తెర వెనుక నిలిచి, ఎవరును పిలువకయే ప్రతి క్షణమును వ్రాసికొను ప్రోగ్రామునకు నేపథ్య రికార్డింగు సాఫ్టువేరు అని పేరు. దీనిని కనిపెట్టి ఆపుట కష్టము కాదు. కాని అది ఎందుకు పుట్టినదో, ఎట్లు పని చేయునో ఎరిగినవానికి ఆ పని మరింత సులభము. దీని చరిత్రకు మూలము ఆటలలో లేదు. కూలిన విమానములలో ఉన్నది.

కూలిన విమానము నేర్పిన పాఠము

1952లో బ్రిటిషువారి కామెట్ జెట్ విమానములు ప్రయాణికులను తీసికొనిపోవ నారంభించినవి. ఆ మరుసటి సంవత్సరము మే నెలలో వానిలో నొకటి కలకత్తా నుండి బయలుదేరిన కొద్ది నిమిషములకే కూలిపోయెను. 1954లో మరి రెండు మధ్యధరా సముద్రములో పడిపోయెను. చివరి క్షణములలో ఏమి జరిగినదో చెప్పుటకు బ్రతికి బయటపడినవారు లేరు.

ఆ కాలమున ఆస్ట్రేలియాలోని మెల్బోర్న్ నగరమున వైమానిక పరిశోధనశాలలో డేవిడ్ వారెన్ అను శాస్త్రజ్ఞుడు పని చేయుచుండెను. కామెట్ ప్రమాదములను గూర్చిన చర్చలలో అతడు పాల్గొనెను. చెప్పిన మాటలను సన్నని ఉక్కు తీగపై నిలువచేయు చిన్న యంత్రము నొకదాని నతడు ఒక ప్రదర్శనలో చూచి యుండెను. అట్టి యంత్రము విమానములో ఉన్నచో చోదకుల చివరి మాటలు మనకు దక్కియుండెడివి కదా యని అతనికి తోచెను. 1954లో ఈ భావమును వివరించుచు ఒక నివేదిక వ్రాసి, కొద్ది సంవత్సరములలో నమూనాను తయారు చేసెను. అది సుమారు నాలుగు గంటల సంభాషణమును, పరికరముల సూచికలను తీగపై వ్రాయును. తీగ నిండిన పిమ్మట ఆగదు. మిక్కిలి పాతదానిని చెరపుచు క్రొత్తదానిని వ్రాయుచుండును.

ఈ చెరపుటలోనే అసలు నేర్పు ఉన్నది. విమానము వేల గంటలు ఎగురును. అన్ని గంటల మాటలను దాచుట అసాధ్యము, అనవసరము. ప్రమాద మెప్పుడు జరుగునో ముందుగా తెలియదు. జరిగిన పిమ్మట కావలసినది దానికి ముందటి కొద్దిసేపు మాత్రమే. బాలుడు పలకపై వ్రాయుచు, పలక నిండగానే పైవరుస తుడిచి అచ్చటనే మరల వ్రాయుచు పోయినచో, ఏ క్షణమున పలక లాగికొనినను దానిపై చివరి కొన్ని వరుసలు దొరకును. ఇట్టి అమరికను వలయ స్మృతి యనవచ్చును. ఈ వ్యాసమంతటికి ఇదియే కీలకము.

వారెన్ యంత్రమును అందరు వెంటనే మెచ్చుకొనలేదు. తమ మాటలను ఒక యంత్రము చాటున నుండి వినునని ఆస్ట్రేలియా విమాన చోదకుల సంఘము అభ్యంతరము తెలిపెను. 1960లో క్వీన్సులాండు రాష్ట్రపు మెకై పట్టణము వద్ద ఒక విమానము సముద్రములో పడి 29 మంది మరణించిరి. విచారణ జరిపిన న్యాయమూర్తి విమానములలో ఇట్టి రికార్డరు లుండవలెనని సూచించెను. పిమ్మట ఆస్ట్రేలియా వీనిని నిర్బంధము చేసెను. అయినను చోదకుల అభ్యంతరము వ్యర్థము కాలేదు. విమానము క్షేమముగా నేలపై నిలిచిన పిమ్మట వ్రాసినదానిని చెరపుటకు అనేక విమానములలో ఒక మీట అమర్చబడెను. వ్రాయుట యెంత అవసరమో, వ్రాయబడుచున్నామని ఎరిగియుండుటయు అంత అవసరమని ఆనాడే తేలినది.

1999లో ఈ వలయ స్మృతి ఇండ్లలో ప్రవేశించెను. ఆ సంవత్సరము అమెరికాలో టీవో మొదలగు డిజిటల్ వీడియో రికార్డరులు అమ్మకమునకు వచ్చినవి. టీవో యంత్రము చూచుచున్న టెలివిజను కార్యక్రమమును చివరి 30 నిమిషముల మేరకు ఎల్లప్పుడు డిస్కుపై నిలుపుకొనును; చూచువాడు వెనుకకు త్రిప్పి చూడవచ్చును. ఈ యంత్రములకు డి.వి.ఆర్. అను పొట్టి పేరు ఏర్పడెను. తరువాతి కాలమున ఆటల రికార్డింగునకు ఈ పేరే సంక్రమించినది.

చిత్రము లేని లేఖనము

ఇక ఆటల వైపు చూతము. 1993 డిసెంబరులో ఇడ్ సాఫ్టువేర్ అను అమెరికా సంస్థ డూమ్ అను ఆటను విడుదల చేసెను. ఆడినదానిని భద్రపరచి మరల చూచుకొను సౌకర్యము అందులో కలదు. అయితే అది చిత్రమును భద్రపరచదు. ఆ ఆటలో కాలము సెకనుకు 35 అడుగులుగా నడచును. ఒక్కొక్క అడుగున ఆటగాడు ముందు వెనుకలకు ఎంత నడచెను, ప్రక్కకు ఎంత జరిగెను, ఎంత తిరిగెను, ఏ మీట నొక్కెను అను నాలుగు సంగతులను నాలుగు బైట్లలో వ్రాయును. అనగా సెకనుకు 140 బైట్లు. గంటకు 5,04,000 బైట్లు. ఆనాటి చిన్న ఫ్లాపీ డిస్కులో దాదాపు మూడు గంటల ఆట ఇమిడెడిది.

మరల చూచునపుడు ఆ మీటల వరుసనే ఆటకు అందించిన చాలును. అవే మీటలు, అదే క్రమమున నొక్కబడుటచే ఆట అట్లే జరుగును. సంగీత విద్వాంసుడు స్వరములు మాత్రమే వ్రాసియుంచినచో మరియొకడు అదే కీర్తనను పాడుట వంటిది ఇది. దీనిలో ఒక లోపము కలదు. ఆట ప్రోగ్రాము కొంచెము మారినను పాత లేఖనము చెడును. ఆటగాడు తలుపున్న చోట గోడను గ్రుద్దుకొనుచు నడచును. అదియుగాక, ఆ ఆట లేనివాడు ఆ లేఖనమును చూడజాలడు.

చిత్రమును పట్టుటలోని కష్టము

1999లో ఆస్ట్రేలియాలోనే ఫ్రాప్స్ అను సాఫ్టువేరు వెలువడెను. సెకనుకు ఎన్ని చిత్రములు తెరపై గీయబడుచున్నవో లెక్కించి చూపుట దాని మొదటి పని. ఆ ఆంగ్ల పదముల నుండియే దాని పేరు కలిగెను. తరువాతి రూపములలో అది తెరపై కనబడు చిత్రమునే పట్టి దాచ నారంభించెను. ఆటగాడు ఒక మీట నొక్కగా రికార్డింగు మొదలగును. మరల నొక్కగా ఆగును.

చిత్రమును పట్టుట ఎంతటి బరువైన పనియో చిన్న లెక్క వలన తెలియును. నేడు సాధారణమైన తెర అడ్డముగా 1,920, నిలువుగా 1,080 చుక్కలు గలది. మొత్తము 20,73,600 చుక్కలు. చుక్క రంగునకు మూడు బైట్ల చొప్పున ఒక చిత్రమునకు 62,20,800 బైట్లు కావలెను. సెకనుకు 60 చిత్రములు గీసినచో 37,32,48,000 బైట్లు అగును. ఇరువది నిమిషములకు సుమారు 44,790 కోట్ల బైట్లు. 2010 ప్రాంతపు తిరుగుడు డిస్కు సెకనుకు పది, పదిహేను కోట్ల బైట్లకు మించి వ్రాయుట కష్టము. కావున చిత్రములను కుదింపక తప్పదు.

కుదించుటలోని కిటుకు తెలిసికొనదగినది. ఒక చిత్రమునకును దాని తరువాతి చిత్రమునకును భేద మల్పము. ఆకాశ మట్లే యున్నది, గోడ యట్లే యున్నది, మనిషి చేయి మాత్రము కదలినది. కావున ప్రతి చిత్రమును పూర్తిగా వ్రాయక, మారిన భాగమును మాత్రము వ్రాయుదురు. 2003లో అంతర్జాతీయ సంస్థలు ఆమోదించిన హెచ్.264 అను పద్ధతికి ఆధారములలో ఇది యొకటి. కాని ఏది మారినదో వెదకుటకు ఎంతో గణన చేయవలెను. ఆ గణన చేయవలసిన ప్రధాన ప్రాసెసరు ఆటను నడుపుటలోనే తలమునకలై యుండును. ఒకే ఎద్దును ఏక కాలమున నాగటికిని గానుగకును కట్టినట్లు, ఆట కుంటువడును. అందువలన ఆ రోజులలో ఎవడును ఎల్లవేళల రికార్డింగు నడుపుటకు ఇష్టపడలేదు. కావలసినపుడే మీట నొక్కువారు. యంత్రపు బలహీనతయే ఆటగానికి కాపలా అయినది.

రెండవ ఎద్దు

ఆ కాపలా 2011, 2012 సంవత్సరములలో తొలగిపోయెను. 2011 ఆరంభమున ఇంటెల్ సంస్థ తన ప్రాసెసరులలో చిత్రములను కుదించుటకే ప్రత్యేకమైన చిన్న యంత్రాంగమును చేర్చెను. 2012లో ఎన్‌విడియా సంస్థ తన గ్రాఫిక్సు కార్డులలో అట్టిదానిని ప్రవేశపెట్టెను. ఎ.ఎం.డి. సంస్థయు ఆ కాలముననే ఆ మార్గము త్రొక్కెను. ఈ యంత్రాంగమునకు ఎన్‌కోడరు అని పేరు. ఇది వేరొక పని నెరుగదు. చిత్రములను అందుకొని కుదించి పంపుటయే దాని పని. గానుగకు రెండవ ఎద్దు దొరకినట్లయినది.

ఫలితము 2013లో కనబడెను. ఆ సంవత్సరము అక్టోబరులో ఎన్‌విడియా షాడోప్లే అను సాఫ్టువేరును విడుదల చేసెను. దానిలోని నీడ రీతిని ఒకసారి తెరచినచో, ఆట జరుగుచున్నంతసేపు చివరి 20 నిమిషముల వరకు వలయ స్మృతిలో నిలుపుకొనుచుండును. ఆటగాడు గొప్ప దెబ్బ కొట్టినచో, కొట్టిన పిమ్మట మీట నొక్కిన చాలును. గడచిన ఆట ఫైలుగా భద్రమగును. ఆట వేగమున తగ్గుదల నూటికి 5 నుండి 10 వంతులని సంస్థ చెప్పెను. మరుసటి నెల నవంబరులో ప్లేస్టేషన్ 4, ఎక్స్‌బాక్స్ వన్ అను ఆటయంత్రములు వెలువడెను. మొదటిది చివరి 15 నిమిషములను, రెండవది చివరి 5 నిమిషములను తమంతట తామే నిలుపుకొనెడివి. వారెన్ ఉక్కు తీగ ఈ విధముగా ఆటగదిని చేరెను.

2015 జూలైలో విండోస్ 10 వెలువడినపుడు మైక్రోసాఫ్టు సంస్థ గేమ్ డి.వి.ఆర్. అను పేరుతో ఈ సౌకర్యమును కంప్యూటరులలోనే పొందుపరచెను. వెనుక ఎడతెగక వ్రాయుటకు వేరొక మీటను వేయవలసి యుండెను గాని, ఆటలను రికార్డు చేయు సామర్థ్యము మాత్రము మొదటినుండి తెరచియే యుండెడిది. ఆటలు మందగించుచున్నవని, ఆపవలసిన చోటు ఎక్స్‌బాక్స్ పేరుగల వేరొక ప్రోగ్రాములో దాగియున్నదని పలువురు ఫిర్యాదు చేసిరి. 2017 ఏప్రిలులో వచ్చిన మార్పులతో ఈ మీటలు సెట్టింగులలో గేమింగ్ అను భాగమునకు చేరెను. 2024లో స్టీమ్ అను ఆటల అంగడియు ఇట్టి రికార్డింగును చేర్చెను. ఈ రీతిగా ఒకే కంప్యూటరులో ఇద్దరు ముగ్గురు వ్రాయసకాండ్రు ఏక కాలమున కూర్చుండు స్థితి ఏర్పడినది.

ఏమి నష్టము?

రెండవ ఎద్దు ఉచితముగా పని చేయుననుకొనరాదు. గీయబడిన చిత్రమును ఎన్‌కోడరునకు అందించుటకు గ్రాఫిక్సు స్మృతిలో రాకపోకలు పెరుగును. సెకనుకు 60 చిత్రములు రావలెనన్న ఒక్కొక్కదానికి దొరకు వ్యవధి వేయింట సుమారు 17 వంతుల సెకను మాత్రమే. శక్తివంతమైన యంత్రమున ఈ ఆలస్యము తెలియదు. పాత యంత్రమున తెలియును.

డిస్కు సంగతి మరియొకటి. సెకనుకు 5 కోట్ల బిట్ల నాణ్యతతో కుదించినను, గంటకు 2,250 కోట్ల బైట్లు, అనగా ఇరువది రెండున్నర గిగాబైట్లు వ్రాయవలెను. చివరకు నిలుచునది ఇరువది నిమిషములదే యైనను, వ్రాత మాత్రము గంటసేపు సాగినది. పలక చిన్నదైనంత మాత్రమున బలపము తక్కువ అరుగదు. చలనము లేని ఎస్.ఎస్.డి. డిస్కుల ఆయువు వ్రాతల సంఖ్యపై కొంత ఆధారపడి యుండును.

అన్నిటికంటె ముఖ్యమైనది మూడవది. మైకు తెరచియున్నచో ఆటగాని మాటలే గాక గదిలోని తల్లిదండ్రుల మాటలును రికార్డగును. కొన్ని సాఫ్టువేరులలో ఆట తెరనే గాక కంప్యూటరు తెరనంతటిని పట్టు అనుమతి కూడ కలదు. అది వేసియున్నచో ఉత్తరములు, లెక్కలు కూడ చిత్రములో పడును. పలువురు వాడు యంత్రమున మీట వేసినవాడొకడు, వ్రాయబడువాడు మరియొకడు.

గుర్తించు విధము

కంట్రోల్, షిఫ్టు, ఎస్కేప్ మీటలను కలిపి నొక్కినచో టాస్క్ మేనేజరు తెరచుకొనును. అందు పెర్ఫార్మెన్స్ భాగములో జి.పి.యు.ను ఎన్నుకొనవలెను. అచ్చట వీడియో ఎన్‌కోడ్, లేదా కొన్ని కార్డులలో వీడియో కోడెక్, అను రేఖాపటము కనబడును. ఆట ఆడుచుండగా ఆ రేఖ అడుగును వదలి ఎడతెగక పైన నిలిచినచో, ఎవరో చిత్రములను కుదించుచున్నారని గ్రహింపవలెను. వీడియో సంభాషణలును, ప్రత్యక్ష ప్రసారములును ఎన్‌కోడరునే వాడును గనుక ముందుగా వానిని మూసివేయవలెను. పిదప ప్రాసెసెస్ భాగములో డిస్కు శీర్షికను నొక్కినచో ఎక్కువగా వ్రాయుచున్న ప్రోగ్రాములు పైకి వచ్చును. వీడియోస్ ఫోల్డరులోని క్యాప్చర్స్ అను భాగమునందు తెలియని ఫైళ్లున్నచో అదియు ఒక సాక్ష్యమే.

టాస్క్ మేనేజరులో ఆ ప్రోగ్రామును బలవంతముగా ముగించుట చాలదు. కంప్యూటరును మరల వెలిగించినపుడు అది మరల లేచును. దాని మీటను దాని ఇంటిలోనే తీయవలెను.

ఆపు విధము

విండోస్ 11లో సెట్టింగులు తెరచి, గేమింగ్, అందు క్యాప్చర్స్ అను భాగమునకు పోయి, రికార్డ్ వాట్ హ్యాపెన్డ్ అను మీటను తీయవలెను. ఎన్‌విడియా కార్డున్నచో ఆల్ట్, జెడ్ మీటలను కలిపి నొక్కగా వచ్చు పలకలో ఇన్‌స్టంట్ రీప్లేను ఆపవలెను. ఎ.ఎం.డి. కార్డున్నచో అడ్రినలిన్ అను సాఫ్టువేరులో రికార్డింగునకు సంబంధించిన సెట్టింగులలో అదే పేరుగల మీట యుండును. స్టీములో సెట్టింగులందలి గేమ్ రికార్డింగ్ భాగమున రికార్డింగ్ ఆఫ్ అనుదానిని ఎన్నుకొనవలెను. పాఠశాల ప్రయోగశాలలో విండోస్ ప్రో, ఎడ్యుకేషన్ తరగతుల కంప్యూటరు లున్నచో, నిర్వాహకుడు గ్రూప్ పాలసీ ద్వారా విండోస్ ఆట రికార్డింగును ఆ యంత్రమున వాడువారందరికి నిషేధింపవచ్చును.

అన్నిటిని ఒక్కసారి తీయుట కన్న ఒక్కొక్కటిగ తీసి, ప్రతిసారి రేఖాపటమును చూచుట మేలు. రేఖ ఏ మీటతో అడుగునకు దిగెనో అదియే కారణము. రేఖ దిగినను ఆట మందముగనే యున్నచో, లోపము వేరొక చోట ఉన్నదని తేలును. ఒకేసారి ఒకే అంశమును మార్చి ఫలితమును పరిశీలించు ఈ పద్ధతి విజ్ఞానశాస్త్ర ప్రయోగములకు ప్రాణము వంటిది. ఉపాధ్యాయులు దీనిని తరగతిలో చేసి చూపవచ్చును. ఇంకొక మాట: మీటను తీసినందున ముందు భద్రపరచిన ఫైళ్లు తొలగిపోవు. వానిని వేరుగా చూచి అక్కరలేనివి తీసివేయవలెను.

నేపథ్య రికార్డింగు చెడ్డది కాదు. ఆట పోటీలలో తగవు తీర్చుటకును, పొరపాటును పరిశీలించి నేర్చుకొనుటకును అది ఉపకరించును. వారెన్ కోరినదియు అదియే: జరిగినదానిని చూచి నేర్చుకొనుట. కాని ఆనాటి చోదకులకు తమ వెనుక యంత్ర మున్నదని తెలియును. కావుననే అభ్యంతరము తెలిపి, చెరపు మీటను సంపాదించుకొనగలిగిరి. ఇంటి కంప్యూటరులో అట్టి మీట మొదటినుండియు ఉన్నది. అది ఎచ్చట నున్నదో ఆ యంత్రమును వాడు ప్రతి ఒక్కరికి తెలియవలెను.